మన బొమ్మను మనం అడగవచ్చా?

పాఠకుల ప్రశ్నలకు నెల్లూరులో ఉంటున్న ఒక ప్రయోగాత్మక చిత్ర దర్శకురాలి జవాబులు

గత సంచికలో, చేతిలో కెమెరా లేకుండానే సినిమా తీసిన ఒక దర్శకురాలి సంగతి ఒక్క వాక్యంలో చెప్పి ముందుకు వెళ్ళిపోయాను. మీరు వెళ్ళనివ్వలేదు. వ్యాసం మొత్తాన్ని పక్కన పెట్టి ఆ వాక్యం మీదే ఉత్తరాలు రాశారు. కొన్నింటిలో ప్రశ్నలున్నాయి, కొన్నింటిలో చీవాట్లున్నాయి. రెండు రకాలవీ ఇక్కడ ఉన్నాయి.

ప్రశ్న: మేడమ్, కెమెరా లేకుండా సినిమా ఎలా తీస్తారు? ఆవిడ ఎవరు? అందులో కథ ఉంటుందా, లేక ప్రయోగాత్మక చిత్రాలన్నింటిలాగే మాకు అర్థం కాకుండా ఉంటుందా?
— డిగ్రీ విద్యార్థిని, కావలి

జవాబు: చివరి చురక అందిందమ్మా. ఆవిడ పేరు మను లుక్ష్. ఆస్ట్రియా మనిషి, లండన్‌లో ఉండి పనిచేసింది. కొత్త సాంకేతికత ఏదైనా వచ్చినప్పుడు అది మనుషుల మధ్య ఏం చేస్తుందో చూడటమే ఆవిడ పని. నువ్వు అడిగిన సినిమా పేరు ‘ఫేస్‌లెస్’. ముఖం లేనివాళ్ళన్నమాట. 2007లో వచ్చింది.

లండన్ వీధుల్లోనూ దుకాణాల్లోనూ అప్పటికే బిగించి ఉన్న సీసీ కెమెరాల ముందుకు వెళ్ళి ఆమె నటించింది. ఆ తర్వాత ఆ కెమెరాల యజమానులకు ఉత్తరాలు రాసింది. ఫలానా తేదీన, ఫలానా వేళకు మీ కెమెరా ముందు ఉన్నాను, నా దృశ్యాల నకలు నాకు పంపండి అని వాటి సారాంశం. ఇది బతిమాలుకోవడం కాదు. బ్రిటన్‌లో 1998 నాటి డేటా రక్షణ చట్టం ప్రకారం, తమ గురించి ఎవరి దగ్గర ఏం నమోదై ఉన్నా దాని నకలు అడిగే హక్కు ఎవరికైనా ఉంది. అప్పట్లో రుసుము 10 పౌండ్లకు మించకూడదు, 40 రోజుల్లో జవాబు రావాలి. కెమెరా పెట్టినవాళ్ళు తామెవరో తెలిపే బోర్డు కూడా అక్కడే తగిలించాలి.

అయితే ఒక షరతు ఉంది. నీ బొమ్మ నీకు ఇస్తారు కానీ, అందులో పక్కనున్నవాళ్ళ ముఖాలు కప్పేయాలి. వాళ్ళ గోప్యత వాళ్ళది మరి. చివరికి చేతికొచ్చిన దృశ్యాల్లో ఆమెకు తప్ప ఎవరికీ ముఖం లేదు. ఇంకొకరైతే ఇదేం ఖర్మ అనుకునేవారు. ఆమె ఆ షరతులోంచే కథ అల్లింది. ఒక నగరంలో కాలం లెక్కే మార్చేశారు. అక్కడ గతం లేదు, రేపు లేదు, ఉన్నదంతా ఇప్పుడే. ఎవరికీ ముఖం లేదు. అలాంటి చోట ఒక స్త్రీ ఒకరోజు నిద్ర లేచేసరికి తనకు ముఖం వచ్చి ఉంటుంది. భయపడిపోతుంది. ఇదీ కథ. నీకు అర్థమైంది కదా? టిల్డా స్వింటన్ అనే పేరున్న నటి దీనికి గొంతు ఇచ్చింది. తెర మీద జనం ముఖాలన్నీ రంగు బిళ్ళల కింద ఉంటాయి. సొంత కెమెరా తేకూడదన్న నియమాన్ని ఆమె తనకు తానే పెట్టుకుంది, దాన్ని ఒక ప్రణాళికగా రాసి ప్రకటించింది కూడా.

నన్నడిగితే సినిమా కంటే ఆ ఉత్తరాలే గొప్పవి. అడిగిన ప్రతిచోటా దృశ్యాలు దొరకలేదు. కెమెరా పనిచేయడం లేదన్నవాళ్ళున్నారు, రికార్డింగు చెరిగిపోయిందన్నవాళ్ళున్నారు. నగరమంతా రాత్రింబవళ్ళు చూస్తున్నామని చెప్పే కెమెరాలు, చూపించమని ఒక మనిషి అడిగేసరికి గుడ్డివైపోయాయి. పైగా 2003లో అక్కడి అప్పీలు కోర్టు ఒక కేసులో ‘వ్యక్తిగత సమాచారం’ అన్న మాటకు అర్థాన్ని బాగా ఇరుకు చేసింది. ఆ తర్వాత ఇలా అడగడం ఇంకా కష్టమైంది. 2018లో కొత్త చట్టం వచ్చాక 10 పౌండ్ల రుసుము మాత్రం పోయింది.

ఇదంతా ఎక్కడో లండన్ గొడవ అనుకోకు. మా నాన్న కోవూరులో పెళ్ళిళ్ళకు వీడియో తీసేవారు. క్యాసెట్ పెళ్ళివారి ఇంటికి చేరకముందే ఊళ్ళోవాళ్ళు కొట్టుకు వచ్చేవారు. “నేను భోంచేస్తుంటే తీశారంట, ఒకసారి వెయ్యండి” అని నిలదీసేవారు. డబ్బులిచ్చింది పెళ్ళికూతురి తండ్రి, క్యాసెట్ ఆయనది. అయినా పంక్తిలో కూర్చుని పులుసు పోసుకున్న మనిషికి ఆ తునక తనదేనని అనిపించేది. మా నాన్న విసుక్కుంటూనే ముందుకు తిప్పి, వెనక్కి తిప్పి చూపించేవారు. వాళ్ళెవరూ ప్రయోగాత్మక చిత్రం అన్న మాట విన్నవాళ్ళు కారు. మను లుక్ష్ అడిగిందే వాళ్ళూ అడిగారు, రుసుము లేకుండా.

ప్రశ్న: అక్కా, మా ఎదురింటివాళ్ళు పెట్టిన సీసీ కెమెరా సరిగ్గా మా గేటు వైపు చూస్తోంది. నేను ముగ్గు వేసినా, మా అమ్మాయి కాలేజీ నుంచి వచ్చినా అందులో పడుతుంది. అడిగితే “మా ఇంటి భద్రత కోసం” అంటున్నారు. చట్టం ఏమైనా ఉందా?
— గృహిణి, ఒంగోలు

జవాబు: చట్టాలున్నాయి. మీకు వెంటనే అక్కరకు వచ్చేది మాత్రం తక్కువ. వ్యక్తిగత గోప్యత ప్రాథమిక హక్కని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం తీర్పు చెప్పింది. ఆ తర్వాత 2023లో పార్లమెంటు డిజిటల్ వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం చేసింది. అయితే ఒక మనిషి తన సొంత అవసరానికి, ఇంటి అవసరానికి వాడుకునే సమాచారానికి ఆ చట్టం వర్తించదు. మీ ఎదురింటాయన ఆ సందులోంచి బయటపడతారు. కెమెరా గనక మీ స్నానాల గది కిటికీ వైపో, పడకగది వైపో ఉంటే అది వేరే సంగతి. అప్పుడు ఆలోచించకుండా పోలీసులకు ఫిర్యాదు ఇవ్వండి. ఐటీ చట్టం 66ఈ సెక్షన్ కింద మూడేళ్ళ వరకు జైలు ఉంది.

గేటు విషయంలో నేనైతే కోర్టు కంటే ముందు ఇంకో పని చేస్తాను. “అన్నయ్యా, మీ ఫోనులో మా ఇల్లు ఎంతవరకు కనబడుతోందో ఒకసారి చూపించండి” అని అడుగుతాను. తీసేయమని కాదు, చూపించమని. తీసేయమంటే తగాదా అవుతుంది. చూపించమంటే కాదనడానికి ఆయనకు మొహమాటం అడ్డొస్తుంది. తెర మీద మీ గేటు, మీ అమ్మాయి చెప్పులు మీతో కలిసి చూశాక, ఆయన కంటికి అది ఇంతకుముందులా ఉండదు. అప్పుడు రెండో మాట చెప్పండి. చాలా కెమెరాల సెట్టింగుల్లో ప్రైవసీ మాస్క్ అనే సౌకర్యం ఉంటుంది. బొమ్మలో మనకు అక్కర్లేని భాగం మీద నల్లటి చతురస్రం గీస్తే, ఆ భాగం రికార్డు కాదు. ఆయన గుమ్మం ఆయనకు కనబడుతుంది, మీ ముగ్గు కనబడదు. బిగించిన కుర్రాడిని పిలిస్తే క్షణాల్లో చేసి వెళతాడు. అప్పటికీ ఒప్పుకోకపోతే లిఖితపూర్వకంగా అడిగి, ఆ కాగితం నకలు దాచుకోండి. పోలీసుల దగ్గరకు వెళ్ళినా వకీలు దగ్గరకు వెళ్ళినా మొదట అడిగేది దాన్నే.

ప్రశ్న: అమ్మా, రొయ్యల గుంటల దగ్గర కెమెరాలు పెట్టించాను. ఇంట్లో నుంచే ఫోనులో చూసుకుంటున్నాను. మా కాపలా మనిషి రాత్రిపూట షెడ్డులో నిద్రపోవడం కనబడితే ఫోను చేసి మందలించాను. మూడోసారికి అలిగి పని మానేసి వెళ్ళిపోయాడు. మీలాంటివాళ్ళు కెమెరాలంటే తిడతారని తెలుసు. లక్షలు పెట్టుబడి పెట్టినవాడి బాధ మీకు తెలుసా?
— ఆక్వా రైతు, ఇందుకూరుపేట మండలం

జవాబు: అన్నా, నేను తిట్టను. మా మేనమామకూ విడవలూరు వైపు గుంటలున్నాయి. వనామీ రొయ్య వేసినవాడికి కంటి మీద కునుకు ఉండదని నాకు తెలుసు. కానీ ఒక్కటి అడుగుతాను. మీ కెమెరా చూస్తున్నది గుంటనా, కాపలా మనిషినా?

రాత్రి గుంటలో జరిగే ప్రమాదం మీకు నేను చెప్పక్కర్లేదు. చీకటి పడ్డాక నీటిలోని నాచు కూడా ప్రాణవాయువు పీల్చుకుంటుంది. తెల్లవారుజాముకి నీటిలో ప్రాణవాయువు బాగా పడిపోతుంది. అప్పుడే కరెంటు పోయి, నీళ్ళను చిలికి గాలి కలిపే ఏరేటర్లు ఆగితే, జనరేటర్ వేసేలోపు రొయ్యలు పైకి తేలతాయి. దీన్ని పట్టుకునేది మొదట చెవి. ఏరేటర్ల చప్పుడు ఆగిన క్షణంలో గాఢనిద్రలో ఉన్న కాపలా మనిషి కూడా లేచి కూర్చుంటాడు. ఆ చప్పుడుకు అలవాటు పడిన మనిషిని అదే లేపుతుంది. మీ ఫోను తెరలో మాత్రం నల్లటి నీళ్ళు ఎప్పటిలాగే నల్లగా ఉంటాయి. అంటే అతను నిద్రపోతూ కూడా చేసే పని మీ కెమెరాకు అందదు, అతని నిద్ర ఒక్కటే అందుతుంది.

హరూన్ ఫరోకీ అని ఒక దర్శకుడు ఉండేవాడు. జర్మనీవాడే, తండ్రి మన దేశం నుంచి వెళ్ళి అక్కడ స్థిరపడ్డాడు. 2014లో పోయాడు. 1988లో ఆయన తీసిన చిత్రంలో ఒక సంగతి ఉంది. రెండో ప్రపంచ యుద్ధంలో, 1944 ఏప్రిల్ 4న మిత్రరాజ్యాల విమానం ఒకటి, బాంబులు వేయాల్సిన కర్మాగారాల కోసం పైనుంచి ఫోటోలు తీసింది. నాజీలు యూదులను సామూహికంగా చంపిన ఆష్విట్జ్ మరణ శిబిరం కూడా ఆ ఫోటోల్లో పడింది. విశ్లేషకులు కర్మాగారాలను గుర్తుపెట్టారు, శిబిరాన్ని గుర్తించలేదు. వాళ్ళను వెతకమన్నది అది కాదు. ఆ ఫోటోల్లో శిబిరం ఉందని ముప్ఫై ఏళ్ళు దాటాక గానీ అమెరికా గూఢచారి సంస్థ సీఐఏ ఉద్యోగులు కనిపెట్టలేదు. అంత పెద్ద ఘోరాన్ని మీ గుంట గట్టు దాకా తెచ్చానని ఏమీ అనుకోకండి. మీరు దొంగ కోసమో, నిద్ర కోసమో చూస్తున్నారు కాబట్టి అవే కనబడుతున్నాయని చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు దొరకలేదు.

ఆ మనిషిని వెనక్కి పిలవండి. కెమెరా ఉండనివ్వండి, దాని ముఖం షెడ్డు మీది నుంచి ఏరేటర్ల వైపు తిప్పండి. అదే దృశ్యం అతని ఫోనులో కూడా కనబడేట్టు పెట్టించండి. రొయ్యలు మేత తిన్నాయో లేదో చూసే పళ్ళెం, అదే చెక్ ట్రేలో మేత ఎంత మిగిలిందో అతను ఫోటో తీసి మీకు పంపుతాడు. మీరు అతన్ని చూడటం, అతను మిమ్మల్ని తప్పించుకోవడం అన్న ఆట ఆగి, ఇద్దరూ గుంటను చూస్తారు. అప్పటికీ నిద్రపోతే మందలించండి, నాకేమీ అభ్యంతరం లేదు.

ప్రశ్న: అమ్మా, నేను మాస్టారుగా పనిచేసి రిటైరయ్యాను. పొగాకు వేలం ఎలక్ట్రానిక్ పద్ధతిలోకి మారాక మా రైతులకు మేలే జరిగింది. యంత్రం వచ్చినప్పుడల్లా కళాకారులు భయపెట్టడం ఒక అలవాటు. మీ చిత్రాల వల్ల లోకంలో ఏదైనా మారిందా?
— కొండపి, ప్రకాశం జిల్లా

జవాబు: మాస్టారూ, మీ మొదటి మాటతో ఏకీభవిస్తాను. ధర తెర మీద అందరికీ కనబడటం రైతుకు మంచిదే. నేను కోరేదీ అదే, కనబడేది అందరికీ కనబడాలని.

భయపెట్టడం గురించి మీరన్నది మను లుక్ష్ కూడా ఒప్పుకుంటుందని అనుకుంటున్నాను. మరో ఇద్దరు దర్శకులతో కలిసి ఆమె తీసిన ‘డ్రీమ్స్ రీవైర్డ్’ అనే చిత్రం 2015లో వచ్చింది. 1880ల నుంచి 1930ల దాకా వచ్చిన దాదాపు 200 పాత చిత్రాల తునకలను కూర్చి చేశారు. టెలిఫోను, రేడియో, టెలివిజన్ కొత్తగా వస్తున్నప్పుడు జనం ఎంత మురిసిపోయారో, ఎంత బెదిరిపోయారో అందులో చూడవచ్చు. ఇప్పుడు మన సెల్‌ఫోన్ల గురించి అనుకుంటున్నవన్నీ అప్పుడే అనేసుకున్నారు. నవ్వొస్తుంది. భయం కొత్తదేమీ కాదని తెలిశాక, అసలు అడగాల్సిన ప్రశ్నలకు తీరిక దొరుకుతుంది.

నా చిత్రాల వల్ల ఏమీ మారలేదు. వాటిని చూసినవాళ్ళందరూ ఒక పెళ్ళి పందిట్లో సరిపోతారు. కానీ చూసినదాని వల్ల, చదివినదాని వల్ల ఏమీ మారదని మాత్రం మా జిల్లాలో అనలేరు. అక్షరాస్యత ఉద్యమం రోజుల్లో వాచకంలో పెట్టిన ఒక చిన్న కథ, సారా తాగే భర్త, దిగజారిన కాపురం, చదివి దూబగుంట ఆడవాళ్ళు 1992లో ఊళ్ళో సారా అమ్మకాన్ని ఆపించారు. ఆ నిప్పు జిల్లా అంతా పాకింది. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారాను నిషేధించారు. ఆ పాఠం రాసినవాళ్ళు ఇంత దూరం ఊహించి ఉండరు. అందులో ఉన్నది ఆ ఆడవాళ్ళకు ముందే తెలిసిన కథ. తమ ఇంట్లోనిది పుస్తకంలో కనబడటం, దాన్ని పదిమందీ కలిసి చదవడం, ఈ రెండూ కొత్త. మీరు పాఠాలు చెప్పినవారు, ఇది నాకంటే మీకే బాగా తెలియాలి.

ప్రశ్న: రొట్టెల పండుగలో డ్రోన్లతో తీసిన దృశ్యాలు అద్భుతంగా ఉంటాయి. వాటితో మీలాంటివాళ్ళు ఒక చిత్రం చేయవచ్చు కదా?
— నెల్లూరు

జవాబు: చేయవచ్చు, చేయబుద్ధి కాదు. పైనుంచి చూస్తే బారాషహీద్ దర్గా, స్వర్ణాల చెరువు, చుట్టూ తలలు. జనాన్ని అదుపు చేసే పోలీసులకు ఆ బొమ్మ కావాలి, వాళ్ళు వాడుకోవాల్సిందే. కానీ ఆ పండుగ జరిగేది నీళ్ళలో నిలబడి. చదువు రొట్టె ఎవరి దగ్గర ఉంది, పెళ్ళి రొట్టె ఎవరికి కావాలి, ఇంటి రొట్టె ఎవరిస్తారు అని ముక్కూ మొహం తెలియనివాళ్ళను నోరు తెరిచి అడగాలి. తనకేం కావాలో గట్టిగా చెప్పుకోవాలి. డ్రోనుకు ఆ మాటలు వినపడవు, రెక్కల రొదలో కింద ఉన్నవాళ్ళకూ వినపడవు. నేను చేస్తే మాటలు మాత్రమే వినిపించి, బొమ్మ అసలు లేకుండా చేస్తాను. అప్పుడు మళ్ళీ కావలి అమ్మాయి అర్థం కాలేదంటుంది.

ప్రశ్న: నేను ఇంటర్ చదువుతున్నాను. నాకు మామూలు ఫోను తప్ప ఏమీ లేదు. ప్రయోగాత్మక చిత్రం మొదలుపెట్టాలంటే మొదట ఏం తీయాలి?
— విద్యార్థి, పొదలకూరు

జవాబు: తమ్ముడూ, మొదట ఏమీ తీయకు. ఒక నోటుపుస్తకం తీసుకుని నెల్లూరు వచ్చినప్పుడు గాంధీబొమ్మ నుంచి వీఆర్‌సీ సెంటర్ దాకా నడువు. దారిలో కనబడిన ప్రతి కెమెరా పక్కన మూడు సంగతులు రాసుకో. అది ఎవరిది? ఆ సంగతి తెలిపే బోర్డు ఉందా? రికార్డింగు ఎన్నాళ్ళు ఉంచుతారు? మూడోది అడిగితే గానీ తెలియదు. కొందరు చెబుతారు, కొందరు నువ్వెవరని అడుగుతారు. రెండూ రాసుకో. నీ చిత్రానికి సంభాషణలు అవే.

తర్వాత ఒక అర్జీ పెట్టు. ప్రైవేటు దుకాణం మీద సమాచార హక్కు చట్టం పనిచేయదు గానీ, ప్రభుత్వ సంస్థల కెమెరాల గురించి 2005 నాటి ఆ చట్టం కింద అడగవచ్చు. రుసుము 10 రూపాయలు, మండల స్థాయి ఆఫీసులో అయితే 5. 30 రోజుల్లో జవాబివ్వాలి. ఇక్కడే ఒక తమాషా ఉంది. జనం పెద్ద సంఖ్యలో వచ్చే చోట్ల కెమెరాలు తప్పనిసరి చేస్తూ మన రాష్ట్రం 2013లో ప్రజా భద్రత చట్టం చేసింది. దాని ప్రకారం రికార్డింగులు ఉంచాల్సింది 30 రోజులే. కార్యాలయాలూ ఆ లెక్కే పాటిస్తున్నాయనుకో. జవాబుకు గడువు 30 రోజులు, దృశ్యానికి ఆయుష్షు 30 రోజులు. నీ కాగితం బల్లల మీద తిరిగి వచ్చేసరికి డిస్కు మీద కొత్తది ఎక్కిపోయి ఉంటుంది. అందుకే అర్జీ మొదటి వాక్యంలోనే తేదీ, గంట రాసి, జవాబిచ్చేదాకా ఆ రికార్డింగును చెరపకుండా ఉంచమని కోరు.

ఇవ్వకపోవచ్చు కూడా. వ్యక్తిగత సమాచారం అంటూ సమాచార హక్కు చట్టంలోని 8వ సెక్షన్ చూపిస్తారు. ఒంగోలు జవాబులో చెప్పిన 2023 చట్టం ఆ సెక్షన్‌ను ఇంకా బిగించింది. అందులో ఉన్నది నువ్వే అయినా వ్యక్తిగతం అనే అంటారేమో చూడాలి. అది మాత్రం కాగితం మీద రాయించుకో. పోలీసు స్టేషన్ల విషయంలో సుప్రీంకోర్టు 2020 డిసెంబరులో గట్టిగా చెప్పింది. ప్రతి స్టేషన్లో మాటలు కూడా రికార్డయ్యే కెమెరాలు ఉండాలనీ, దృశ్యాలను 18 నెలలు దాచాలనీ, అది కుదరనిచోట కనీసం ఏడాది ఉంచాలనీ ఆదేశించింది. ఎన్నాళ్ళు దాచాలో కోర్టు ఒకచోట చెప్పగలిగిందంటే, మిగతా చోట్ల ఎందుకు అడగకూడదు?

తిరస్కరించిన కాగితాలను పారేయకు. ఒక్కొక్కదాన్ని ఫోనుతో నిదానంగా చిత్రీకరించు. ముద్రలు, సంతకాలు, తేదీలు కనబడాలి. నీ గొంతుతోనే చదువు. మను లుక్ష్‌కు దొరికినంత అదృష్టం నీకు దొరక్కపోయినా, దొరకనిదాని మీద చిత్రం తయారవుతుంది. చిన్నవాడివి కాబట్టి అర్జీ మీద ఇంట్లో పెద్దవాళ్ళ చేత సంతకం పెట్టించు.

ప్రశ్న: ఇంత చెప్పే మీ ఇంటికి సీసీ కెమెరా ఉందా, లేదా? నిజం చెప్పండి.
— పేరు రాయని పాఠకుడు

జవాబు: ఉంది. పాలవాడు ఎన్ని గంటలకు వస్తున్నాడో, పనిమనిషి ఎప్పుడు వెళుతోందో చూడటానికి మా అత్తగారు పెట్టించారు. ఆ యాప్ ఆవిడ ఫోనులో తప్ప ఇంకెక్కడా లేదు. నేను రాత్రి ఎన్నింటికి ఇల్లు చేరుతున్నానో ఆవిడకు నిమిషాలతో సహా తెలుసు. నా దృశ్యాలు నాకు ఇమ్మని కాగితం మీద రాసి ఇచ్చాను, 10 రూపాయల నోటు కూడా జత చేశాను. నోటు తీసుకున్నారు. పాస్‌వర్డ్ సంగతి పండగ తర్వాత చూద్దామన్నారు.